కంప్యూటరులో ఆటలు కనబడకపోతే

ఈ మధ్య మన సంఘ కుటుంబాల ఇళ్ళకు వెళ్ళినప్పుడు మేము తరచుగా వింటున్న ఫిర్యాదు ఒకటి వున్నది. అది కరెంటును గురించి కాదు, తుంగభద్ర కాలువ నీళ్ళను గురించి కాదు, బళ్ళారి ఎండలను గురించి అంతకన్నా కాదు. వాటికి మనం ఏనాడో అలవాటు పడినాము. "నా ఆటలు పోయినాయి" అని పిల్లలు చేసే ఫిర్యాదు. పోయినవి గోలీలు కావు, బొంగరాలు కావు. కంప్యూటరులో డబ్బు పెట్టి కొనుక్కున్న ఆటలు. నిన్న రాత్రి దాకా తెర మీద రంగురంగుల బొమ్మలతో వరుసగా కనబడినవి తెల్లవారి చూస్తే లేవు.

ఇట్టి సమయంలో ఇంట్లో పెద్దలు రెండు పక్షాలుగా చీలిపోవడం కద్దు. పోతే పోయినవి, పీడ విరగడ అయింది, ఇకనైనా పుస్తకం పట్టుకుంటాడు అనేది ఒక పక్షం. వెయ్యీ రెండువేలూ పోసి కొన్నది ఒక్క రాత్రిలో మాయమవడమేమిటి, అడిగే దిక్కు లేదా అనేది రెండవ పక్షం. మేము రెండవ పక్షం వారమే. డబ్బిచ్చి కొన్నది గిన్నె అయినా, ఆట అయినా, అది ఎక్కడ వున్నదో తెలుసుకోవడం ఇంటివారి బాధ్యత. పైగా ఈ విషయంలో మాయమైనవనుకున్నవి చాలా మట్టుకు మాయమై వుండవు. వున్నచోటనే వుంటాయి; మనం చూస్తున్న చోటు వేరై వుంటుంది. అవి పోయినవని కంగారుపడి చేసే మరమ్మతులో మాత్రం నిజంగా పోయేవి వున్నాయి. ఈ నాలుగు మాటలు వ్రాయడానికి కారణం అదే.

ముందు ఈ యంత్రాంగం ఏమిటో పెద్దలకు క్లుప్తంగా మనవి చేస్తాము. పిల్లలకు తెలిసిన సంగతే కనుక వారు ఈ పేరా దాటిపోవచ్చును. పాతికేళ్ళ క్రితం కంప్యూటరు ఆట అంటే ఒక సీడీ. బెంగళూరు రోడ్డులో ఏ దుకాణంలోనో కొని తెచ్చి పెట్టెలో పెడితే ఆట నడిచేది; సీడీ మన బీరువాలో వున్నంతకాలం ఆట మనది. 2003 సెప్టెంబరులో అమెరికాలోని వాల్వ్ అనే సంస్థవారు స్టీమ్ అనే ఏర్పాటు ఒకటి తెచ్చారు. తమ ఆటలకు ఎప్పటికప్పుడు చేసే సవరణలు ఇంటర్నెట్టు ద్వారా అందించడం మొదటి ఉద్దేశం. మరుసటి సంవత్సరం వచ్చిన హాఫ్ లైఫ్ 2 అనే ఆటకు స్టీమ్ లేనిదే ఆట నడవదన్నారు. తర్వాత ఇతరులు చేసిన ఆటలు కూడ అందులోనే అమ్మసాగినారు. 2015 నుంచి మనకు రూపాయలలో ధరలు వచ్చినవి. 2018 డిసెంబరులో ఎపిక్ వారు మరొక కొట్టు తెరచి, రెండు వారాలకు ఒకసారి ఏదో ఒక ఆట ఉచితంగా పంచిపెట్టడం మొదలుపెట్టారు. వీటిని లాంచర్లు అంటారు. కొట్టూ అదే, కొన్న సరుకు దాచే బీరువా అదే, ఆ బీరువా తాళంచెవి కూడ అదే. బీరువాకు వాళ్ళు పెట్టిన పేరు లైబ్రరీ. అన్నీ పరదేశపు ఆటలేనని అనుకోనక్కరలేదు. మన హైదరాబాదులో ఓగ్రే హెడ్ స్టూడియో వారు చేసిన అసుర (2017), పుణేవారు చేసిన రాజీ (2020) ఈ కొట్లలో అమ్ముడుపోయినవే.

ఇక అసలు సంగతి. లైబ్రరీలోని ఆట ఒక వస్తువు కాదు, మూడు. తెర మీద పట్టికలో కనబడే పేరు ఒకటి. మన కంప్యూటరు డిస్కులో చోటు ఆక్రమించుకొని వుండే సరుకు రెండవది. ఆ ఆట ఆడుకొనవచ్చునని కంపెనీవారి లెక్కలలో మన ఖాతా పేరున వ్రాసి వున్న హక్కు మూడవది. పొలం వున్నవారికి దీన్ని విడమరచి చెప్పనక్కరలేదు. పహాణీలో పేరు వేరు, చేను వేరు, చేని మీద హక్కు వేరు. పహాణీ కాగితంలో పేరు కనబడనంత మాత్రాన చేను ఎగిరిపోదు. చేను కళ్ళ ఎదుట వున్నంత మాత్రాన హక్కు వున్నట్టూ కాదు.

మన జిల్లావారికి ఈ భేదం మరీ బాగా తెలియాలి. 1953 అక్టోబరు 1వ తేదీన ఆంధ్ర రాష్ట్రం ఏర్పడినప్పుడు ఆదోని, ఆలూరు, రాయదుర్గం తాలూకాలు బళ్ళారి జిల్లా పట్టికలో నుంచి అటు పోయినవి; బళ్ళారి మైసూరు పట్టికలో చేరింది. ఏ ఊరూ అంగుళమైనా కదలలేదు. మన మేనమామల ఇళ్ళు, మన కొట్టాలు, మన చింతచెట్లు వున్నచోటనే వున్నవి. మొన్న 2021లో హొసపేట, హడగలి, కూడ్లిగి మొదలైనవి విజయనగర జిల్లా పట్టికకు మారినప్పుడూ అంతే. హంపిలోని రాతిరథం ఎక్కడికీ పోలేదు. పాత పట్టిక పట్టుకొని వెతికేవాడికి మాత్రం దొరకదు. ఆటల సంగతి కూడ ఇట్లాగే మొదట పట్టికను చూడాలి, తర్వాత సరుకును, చివరకు హక్కును. ఈ వరుసలో పోతే చేతనున్నది పోగొట్టుకోవడం వుండదు. మన ఇళ్ళలో జరిగేది దీనికి తలక్రిందులు. మొదటనే సరుకు మీద చేయి వేస్తారు.

పట్టికలో పేరు కనబడకపోవడానికి అతి సామాన్యమైన కారణం చెబితే నవ్వు వస్తుంది. స్టీమ్ లైబ్రరీలో ఎడమవైపు పట్టిక మీద వెతుక్కునే గడి ఒకటి వుంటుంది. ఎవరో అందులో రెండు మూడు అక్షరాలు కొట్టి అట్లాగే వదలిపెడతారు. ఆ అక్షరాలు వున్న ఆటలే మిగులుతాయి, తక్కినవి దాక్కుంటాయి. గడిలోని అక్షరాలు తుడిస్తే అన్నీ తిరిగి వస్తాయి. ఆ పక్కనే చిన్న గుర్తులు కొన్ని వుంటాయి. ఒకటి నొక్కితే ఇప్పటికిప్పుడు ఆడడానికి సిద్ధంగా వున్నవి మాత్రమే చూపుతుంది, అనగా డిస్కులోకి దించుకోని ఆటలు కనబడవు. మరొకటి నొక్కితే రకరకాల జల్లెడలు తెరుచుకుంటాయి: ఒంటరిగా ఆడేవి, నలుగురు కలిసి ఆడేవి, ఇట్లా. ఏ జల్లెడ పట్టి వున్నదో చూసి తీసివేయాలి. పైన గేమ్స్, సాఫ్ట్‌వేర్, టూల్స్, సౌండ్‌ట్రాక్స్ అని రకాలు ఎంచుకునే చోటు కూడ వున్నది. అక్కడ గేమ్స్ అనే దాని మీద గుర్తు తీసివుంటే బీరువా నిండా ఆటలు వున్నా ఖాళీగానే కనబడుతుంది.

తరువాతది దాచిపెట్టిన ఆటల సంగతి. స్టీమ్‌లో ఏ ఆటనైనా పట్టికలో కనబడకుండా దాచే వీలున్నది. చేయి జారి దాచినవారు కొందరైతే, నాయన చూస్తాడని కావాలనే దాచి, తర్వాత తామే మరచిపోయినవారు కొందరు! పైన వ్యూ అనే మాట నొక్కితే హిడెన్ గేమ్స్ అని వస్తుంది. దాచినవన్నీ అందులో వుంటాయి. ఎపిక్ వారి బీరువాలో కూడ దాచే అర వున్నది. దీనికి ఎదురు రకం కూడ వున్నది. తల్లిదండ్రులే పిల్లవాడి ఖాతాకు కట్టడి పెట్టి, వాడు చూడదగిన ఆటలు ఏవో ఎంచి, రహస్య సంఖ్య ఒకటి వేసి, పరీక్షలు అయిపోయిన తర్వాత దాన్ని తీయడం మరచిపోతారు. పిల్లవాడు కంపెనీవారిని తిడుతూ వుంటాడు. తాళం వేసినవాడు వంటింట్లో కాఫీ తాగుతూ వుంటాడు.

పేరు మారడం ఇంకొక కారణం. మన ఊరి పేరును ఇంగ్లీషులో బెల్లారి అని వ్రాసేవారు. 2014 నవంబరు 1 నుంచి బళ్ళారి అని మార్చినారు. పాత పేరుతో వెతికితే కొన్ని చోట్ల మన ఊరే లేదంటుంది. ఆటలలో ఇటీవలి పెద్ద ఉదాహరణ కౌంటర్ స్ట్రైక్. గ్లోబల్ అఫెన్సివ్ అనే దాన్ని మన పిల్లలు ఏళ్ళ తరబడి ఆడినారు. 2023 సెప్టెంబరులో వాల్వ్ వారు దాని స్థానంలోనే కౌంటర్ స్ట్రైక్ 2 ను పెట్టారు. పాత పేరు పట్టికలో నుంచి లేచిపోయింది. కొత్త పేరు అదే మెట్టు మీద కూర్చున్నది. పాత పేరు కోసం అక్షరక్రమంలో వెతికినవారు ఆట పోయిందని ఎంత గగ్గోలు పెట్టారో! పాతదాని రుచి మరిగినవారి బాధ వేరు, దానికి మా దగ్గర మందు లేదు.

ఇవి ఏవీ కాకపోతే లాంచరును పూర్తిగా మూసి మళ్ళీ తెరవాలి. పై మూలనున్న గుణకారపు గుర్తు నొక్కితే అది మూతపడదు, క్రింద గడియారం పక్కన నిద్ర నటిస్తూ వుంటుంది. స్టీమ్ అనే మాట మీద నొక్కి ఎగ్జిట్ అన్నప్పుడే నిజంగా మూతపడుతుంది. ఇంత చిన్న పనికి లొంగే చిక్కులు తక్కువేమీ కాదు.

ఇక్కడ ఒక ముఖ్యమైన తేడా గమనించాలి. కొన్ని ఆటలు కనబడి కొన్ని కనబడకపోతే దోషం పట్టికలో వున్నది. ఒక్కటంటే ఒక్క ఆట కూడ కనబడకపోతే చాలావరకు దోషం తలుపులో వున్నది, అనగా మనం వేరే ఖాతాలోకి వెళ్ళినాము. పిల్లలు దీన్ని ఒక పట్టాన నమ్మరు. ఎపిక్ వారి కొట్టుకు తలుపులు చాలా వున్నవి. ఈమెయిలు, పాస్‌వర్డు ఇచ్చి పోవచ్చు. గూగుల్ అనే గుర్తు నొక్కి పోవచ్చు. ఎక్స్‌బాక్స్, ప్లేస్టేషన్ మొదలైన వాటి మీదుగా పోవచ్చు. పోయిన సంవత్సరం ఒక తలుపున పోయి ఆటలు తెచ్చుకున్నవాడు ఈసారి తొందరలో ఇంకొక తలుపున పోతే, కంపెనీవారు కొత్తమనిషి వచ్చినాడనుకొని కొత్త ఖాతా తెరిచి ఖాళీ బీరువా చూపుతారు. పాత బీరువా పాత పేరున భద్రంగానే వుంటుంది. ఏ తలుపో జ్ఞాపకం రాకపోతే, ఆట కొన్నప్పుడు వచ్చిన రసీదును ఈమెయిళ్ళలో వెతకాలి. ఇంట్లో అందరి ఈమెయిళ్ళూ వెతకాలి. అమ్మది, చిన్నాయనది కూడ. రసీదు ఏ చిరునామాకు వచ్చిందో ఆ చిరునామాదే ఖాతా.

ఇప్పుడు సరుకు సంగతి. పట్టికలో ఆట పేరు వున్నది గాని, ఆడుకో అనే ప్లే బదులు మళ్ళీ దించుకో అనే ఇన్‌స్టాల్ కనబడుతున్నది. అనగా హక్కు వున్నది, పేరు వున్నది, చేను ఎక్కడ వున్నదో లాంచరుకు తెలియడం లేదు. ఈ కాలపు పెద్ద ఆటలలో కొన్ని నూరు గిగాబైట్లు దాటినవి. పల్లెలో వుండే మన కుటుంబాలలో ఫోను డేటాతోనే కంప్యూటరు నడుపుకునేవారికి అంత సరుకు మళ్ళీ దించడం అంటే రోజుల తరబడి పని.

సత్యనారాయణపేటలో మేము ఎరిగిన ఒక ఇంట జరిగిన సంగతి చెబుతాము. అవ్వ, కొడుకు, కోడలు, ఇద్దరు మనుమలు. పెద్దవాడు బెంగళూరులో ఉద్యోగం, చిన్నవాడు ఇక్కడ పీయూసీ. కంప్యూటరు మందగించిందని మరమ్మతు చేసే ఒకాయనను పిలిస్తే ఆయన విండోస్ మళ్ళీ ఎక్కించి పోయినాడు. ఆరోజు సాయంత్రం చిన్నవాడు చూస్తే ప్రతి ఆట పక్కనా ఇన్‌స్టాల్ అని వున్నది. నాలుగేళ్ళుగా కట్టుకుంటూ వచ్చిన ఒక ఊరు, ఊళ్ళు కట్టే ఆట అది, దాని జాడ కూడ లేదు. ఫోను చేస్తే మరమ్మతు ఆయన, "రెండో డిస్కు చెడినట్టుంది, ఫార్మాట్ కొట్టి చూడు" అన్నాడు. వాడు కొట్టబోయినాడు.

అడ్డుపడినది అవ్వ. ఆమెకు కంప్యూటరు తెలియదు గాని, ఆ పెట్టెలో ఏమి వున్నదో తెలుసు. పోయిన తాతగారు యౌవనంలో నాటకాల పిచ్చి వున్న మనిషి. ఆయన పద్యాలు పాడగా ఎప్పుడో పట్టిన టేపులను పెద్ద మనుమడు ఆ రెండో డిస్కులోకి ఎక్కించి వుంచినాడు. వేరే ప్రతి లేదు. టేపులు ఏనాడో బూజు పట్టిపోయినవి.

"తుడిచేస్తే మీ తాత గొంతు కూడ పోతాదేమిరా?" అని అడిగింది.

వాడికి చేయి ఆడలేదు. "పోతాదవ్వా" అన్నాడు.

"అయితే దాన్ని ముట్టుకోవద్దు. మీ అన్నకు ఫోను కొట్టు."

అన్న ఫోనులో చెప్పిన మొదటి మాట, "ఒరేయ్, దేన్నీ ఒత్తొద్దు." తర్వాత డిస్కుల పేర్లు చదివించినాడు. మునుపు ఆ రెండో డిస్కు పేరు డి. విండోస్ కొత్తగా ఎక్కినప్పుడు దానికి ఇ అని పేరు పడింది. డిస్కు నిక్షేపంగా వున్నది. ఆటలు దాని నిండా వున్నవి. తాతగారి పద్యాలు వున్నవి. లాంచరు మాత్రం పాత పేరు పట్టుకొని డి డిస్కులో వెతుకుతున్నది. ఇంటి నంబరు మారిన వీధిలో పోస్టుమాన్ తిరిగినట్టు. డిస్క్ మేనేజ్‌మెంట్ అనే చోట మళ్ళీ డి అని పేరు పెట్టగానే ఆటలన్నీ ప్లే అన్నాయి. పేరు మార్చడం ఇష్టం లేనివారు స్టీమ్ సెట్టింగ్స్‌లో స్టోరేజ్ అనే చోటికి పోయి, ఇదిగో మా ఆటలు ఈ డిస్కులో వున్నాయని కొత్త చిరునామా చేర్చినా సరిపోతుంది.

కట్టుకున్న ఊరి సంగతి వేరు. ఆట సరుకు ఒకచోట వుంటుంది, ఆడినవాడి ప్రగతి లెక్క మరొకచోట వుంటుంది. చాలా ఆటలు ఈ లెక్కను విండోస్ వున్న డిస్కులోనే, డాక్యుమెంట్స్‌లోనో, యాప్‌డేటా అనే మరుగు ఫోల్డరులోనో వ్రాసుకుంటాయి. కొన్ని ఆటలు దాన్ని కంపెనీవారి దగ్గర కూడ ఒక ప్రతి వుంచుతాయి, అన్నీ వుంచవు. ఆ పిల్లవాడి అదృష్టం, మరమ్మతు ఆయన సి డిస్కును తుడవకుండానే విండోస్ ఎక్కించినాడు. అట్లా ఎక్కించినప్పుడు పాత ఫైళ్ళన్నీ విండోస్ డాట్ ఓల్డ్ అనే ఫోల్డరులో మూటకట్టి వుంటాయి. పదిరోజుల తర్వాత విండోస్ ఆ మూటను తనంతట తానే పారవేయవచ్చును. అన్న ఆరవనాడు ఫోనులో దారి చెప్పి ఆ మూట విప్పించినాడు. ఊరు దొరికింది. తాతగారి పద్యాలకు ఆ వారమే ఇంకొక ప్రతి తీసి బెంగళూరులో ఒకటి, ఇక్కడ ఒకటి వుంచుకున్నారు. మాకు ఈ కథలో ఆటలకన్న అదే ముఖ్యంగా తోచింది.

సరుకు విషయంలో ఇంకో రెండు ఉపాయాలు. స్టీమ్ ఆటలు స్టీమ్‌యాప్స్ అనే ఫోల్డరులో, అందులోని కామన్ అనే చోట వుంటాయి. ఒక్కొక్క ఆటకు పక్కనే చిన్న చీటీ వంటి ఫైలు వుంటుంది. చీటీ పోయి సరుకు వున్నప్పుడు భయపడకుండా, పాత ఫోల్డరు వున్న అదే డిస్కును ఎంచుకొని ఇన్‌స్టాల్ నొక్కితే, వున్న ఫైళ్ళను తడిమి చూసుకొని లోపించినవి మాత్రమే దించుకుంటుంది. ఎపిక్‌లో ఇది ఇంత సులువు కాదు. ఆట ఫోల్డరు పేరును కాస్త మార్చి వుంచి, కొత్తగా దించడం మొదలుపెట్టి, కొంచెం దిగగానే ఆపి, లాంచరు మూసి, పాత సరుకును కొత్త ఫోల్డరులోకి చేర్చి, మళ్ళీ సాగనివ్వాలి. కాపలా ప్రోగ్రాములు కూడ ఒక్కొక్కసారి ఆటలోని ఫైలును దొంగ అనుకొని బందీ చేస్తాయి. విండోస్ సెక్యూరిటీలో ప్రొటెక్షన్ హిస్టరీ చూస్తే తెలుస్తుంది. అయితే దొంగచాటున తెచ్చిన ఆటల విషయంలో ఆ కాపలావాడి మాటే వినడం మంచిది.

మిగిలినది హక్కు. పట్టిక సరిగా వున్నది, తలుపు సరిగా వున్నది, అయినా ఆట లేదు. అప్పుడు కంపెనీవారి లెక్క చూడాలి. స్టీమ్‌లో అకౌంట్ డీటైల్స్ అనే చోట మనకున్న లైసెన్సుల జాబితా వుంటుంది. ఏ ఆట ఏ తేదీన ఏ విధంగా వచ్చిందో అందులో వుంటుంది. అది మన మూలపత్రం. అందులో లేని ఆటకు కారణాలు ఇవి కావచ్చు: డబ్బు వాపసు తీసుకున్నది, అనగా కొన్న పద్నాలుగు రోజులలో, రెండు గంటల లోపు ఆడి వుంటే అడిగినవారికి వాపసు ఇస్తారు, శని ఆదివారాలు ఉచితంగా ఆడుకోమని ఇచ్చి సోమవారం తీసుకున్నది, ఎక్స్‌బాక్స్ గేమ్‌పాస్ వంటి నెలసరి చందా మీద వచ్చి, చందా తీరగానే పోయినది. చివరిదానిలో మనం చందా కడుతున్నా కొన్ని ఆటలు ఆ జాబితా నుంచి తప్పుకుంటూ వుంటాయి.

ఉమ్మడి కుటుంబపు ఆటలు మరొక రకం. స్టీమ్ వారు 2024లో ఫ్యామిలీస్ అనే ఏర్పాటు తెచ్చారు. ఒకే ఇంట వుండే ఆరుగురి దాకా కలిసి ఒకరి ఆటలు ఒకరు ఆడుకోవచ్చును. కాని ఆస్తి ఉమ్మడి కాదు. ఎవరు కొన్నది వారిదే. అన్న వేరు కాపురం పెట్టి ఆ జట్టు నుంచి బయటికి పోతే అతని ఆటలు తమ్ముడి పట్టికలో నుంచి ఆ పూటే పోతాయి. కోపం మీద పోయి వెంటనే ఇంకో జట్టులో చేరడానికి కూడ వీలులేదు, సంవత్సరపు గడువు వున్నది. అప్పు తెచ్చుకున్న ఆటలో తమ్ముడు మోసం చేసి పట్టుబడితే ఆట సొంతదారుడైన అన్న కూడ ఆ ఆటకు వెలి అవుతాడు. ఇది మాకు కఠినంగా తోచినా, నియమం అట్లాగే వున్నది.

ఇక కొట్టులో నుంచి తీసివేసిన ఆటలు. అమ్మకం ఆపినా, ముందే కొన్నవారి బీరువాలో అవి సాధారణంగా వుండిపోతాయి. కాని ప్రతిసారీ అట్లా జరగదు. బళ్ళారి రాఘవ ఊరివాళ్ళం మనం. ఆట అంటే మనకు నాటకం కూడ. టికెట్టు మన జేబులోనే వున్నా, నాటక కంపెనీ డేరా విప్పుకొని పోతే ఆట లేదు గదా! ఫ్రాన్సుకు చెందిన యూబీసాఫ్ట్ వారి ద క్రూ అనే కార్ల పందెపు ఆట 2014లో వచ్చింది. ఎప్పుడూ కంపెనీవారి సర్వరుతో ముడిపడి వుంటేనే అది నడుస్తుంది. 2024 మార్చి 31న వారు ఆ సర్వర్లు కట్టివేశారు. తర్వాత కొన్నవారి లైబ్రరీలలో లైసెన్సు కూడ తీసివేశారు. సీడీ కొన్నవారికి కూడ సీడీ మిగిలింది, ఆట మిగలలేదు. పుస్తకాల విషయంలో ఇంతకు ముందే ఇట్లా జరిగింది. 2009 జూలైలో అమెజాన్ వారు, అమ్మినవాడికి హక్కు లేదని తేలిందని, పాఠకుల కిండిల్ పలకలలోని ఆర్వెల్ నవల 1984 ను తుడిచివేసి డబ్బు వాపసు ఇచ్చారు. బీరువాలోని పుస్తకాన్ని రాత్రివేళ వచ్చి తీసుకుపోయే దుకాణదారుడిని మన పెద్దలు ఎరుగరు.

ద క్రూ మూత పడిన తర్వాత ఐరోపాలో ఆటగాళ్ళు ఊరుకోలేదు. అమ్మిన ఆటను చంపవద్దని యూరోపియన్ యూనియనుకు పెట్టుకున్న అర్జీ మీద 2025 జూలై నాటికి పది లక్షలకు పైగా సంతకాలు చేరినవి. కాలిఫోర్నియావారు 2025 జనవరి 1 నుంచి అమలయ్యేట్టు చట్టం చేశారు: ఇచ్చేది లైసెన్సు మాత్రమే అయితే ఆ సంగతి కొనేవాడికి స్పష్టంగా చెప్పాలి. అంతకు ముందే, 2024 అక్టోబరు నుంచి, స్టీమ్‌లో డబ్బు కట్టేచోట ఆ మాట కనబడుతున్నది. చెప్పి ఇచ్చినంత మాత్రాన సొంతం కాదు. కాని చీకట్లో బేరం తప్పింది. సొంతంగా దాచుకోవాలనే పట్టుదల వున్నవారికి పోలండువారి గాగ్ అనే కొట్టు వున్నది. 2008 నుంచి నడుస్తున్నది. అక్కడ కొన్న ఆటను దించుకొని ఇంటి డిస్కులో దాచుకుంటే, లాంచరు లేకుండానే ఎక్కించుకొని ఆడవచ్చు. అన్ని ఆటలూ అక్కడ దొరకవు, అదొక్కటే లోపం.

ఖాతా అనేది వీలునామాలో వ్రాయదగిన ఆస్తి కూడ కాదని చదువరులు గ్రహించాలి. స్టీమ్ ఒప్పందం ప్రకారం ఖాతాను అమ్మడానికి గాని, మరొకరికి బదిలీ చేయడానికి గాని వీలులేదు. కనుక పిల్లల ఆటలు తండ్రి ఈమెయిలు మీదనో, మామ ఫోను నంబరు మీదనో కొనిపెట్టడం మాకు సమ్మతం కాదు. వయసు వచ్చిన పిల్లవాడికి వాడి పేరుననే ఖాతా వుండాలి.

చదువులకూ ఉద్యోగాలకూ బెంగళూరు, హైదరాబాదు పోయే మన పిల్లలు పోగానే సిమ్ము మార్చడం అలవాటు. పాత నంబరు వాడక రద్దయితే కొంతకాలానికి వేరొకరికి పోతుంది. ఖాతా తెరవడానికి వచ్చే సంకేతాలు ఆ నంబరుకే పోతూ వుంటాయి. నంబరు మార్చేముందు ప్రతి కొట్టులోను కొత్త నంబరు, బ్రతికివున్న ఈమెయిలు చేర్చాలి. స్టీమ్ వారు ఇచ్చే రికవరీ కోడును కాగితం మీద వ్రాసి, ఇంట్లో గ్యాసు పుస్తకం, పహాణీ కాగితాలు దాచేచోటే దాచాలి. అదే కాగితం మీద ఖాతా పేరు, ఈమెయిలు, మొదటి ఆట కొన్న తేదీ వ్రాసుకుంటే చాలు. పాస్‌వర్డు దాని పక్కన వ్రాయవద్దు. పోయిన ఆటలు తెప్పిస్తామని వాట్సాప్‌లోనో, డిస్కార్డ్‌లోనో వచ్చి పాస్‌వర్డు అడిగేవాడు ఎవడైనా సరే దొంగ. కంపెనీవారు అది అడగరు.

నిజంగా కంపెనీవారికే వ్రాయవలసి వస్తే, వారి సపోర్టు పేజీలో రాతకోతలు పొడుగు అక్కరలేదు. ఖాతా పేరు, కనబడని ఆట పేరు, కొన్న తేదీ, రసీదు సంఖ్య, డబ్బు ఏ బ్యాంకు నుంచి లేక ఏ యూపీఐ ద్వారా పోయిందో దాని లావాదేవీ సంఖ్య, ఇంతవరకు ఏమేమి చూసినారో ఒక వాక్యం. ఇంగ్లీషులో ఆరు పంక్తులు చాలును. ఖాతా చేజారి పోయినప్పుడు అది మనదేనని రుజువు చేసేది ఎక్కువగా ఆ చెల్లింపు వివరమే. అందుచేత రసీదు ఈమెయిళ్ళను తుడవకుండా ఒక ఫోల్డరులో వేసి వుంచమని పిల్లలకు ఈ రోజే చెప్పండి.